సముద్రం వదలిన జాడలు: తిరుత్తణి కొండ మొదలు పులికాటు మొగ వరకు

తిరుత్తణి కొండకు మూడు వందల అరవై అయిదు మెట్లు. ఏడాదికి ఎన్ని దినాలో స్వామి సన్నిధికి అన్ని మెట్లని పెద్దలు చెబుతారు. ఆ మెట్లన్నీ ఎక్కి పైన నిలిచి తూర్పు దిక్కుకు చూచినవానికి వరిమళ్ళు, చెరువులు, తాటితోపులు, రైలుదారి కానవస్తాయి గాని సముద్రం కనబడదు. అందువల్లనే ఈ ప్రాంతపు విద్యార్థికి సముద్రమంటే సెలవుదినాలలో చెన్నపట్టణం పోయి చూచి వచ్చే వింత. భూగోళ పాఠంలో నీలిరంగు పూసిన భాగం. తన ఊరికి దానితో ఉన్న సంబంధం ఏమిటని అతడు సాధారణంగా ప్రశ్నించడు.

అయితే తిరుత్తణి, తిరువళ్ళూరు ప్రాంతాల నేలను, నీటిని, రాతిని పరిశీలించినవారు కనుగొన్న సంగతి వేరు. ఈ నేలలో ఒక భాగం ఒకప్పుడు సముద్రపుటడుగు. ఇక్కడి చెరువులు నింపే కార్తె వానలు బంగాళాఖాతం పంపేవి. ఇక్కడి వాగుల నీరు చివరకు చేరేది ఆ బంగాళాఖాతానికే. 1997 జనవరి 1న చెంగల్పట్టు జిల్లా నుండి విడివడి ఏర్పడిన తిరువళ్ళూరు జిల్లాకు పడమట తిరుత్తణి కొండలు, తూర్పున పులికాటు సరస్సు ఎల్లలుగా ఉన్నవి. ఈ రెంటి నడుమ నేలకు, కడలికి మధ్య హద్దు ఎన్నిసార్లు మారినదో తెలిపే చరిత్ర మిక్కిలి పురాతనమైనది. ఆ హద్దు నేటికీ నిలకడగా లేదు. దానిని శాశ్వతమని నమ్మినప్పుడెల్లా మానవుడు నష్టపోయినాడు.

రాతిలో నిలిచిన కడలి

తిరుత్తణి పరిసరాల కొండలు అతి ప్రాచీన శిలలు. భూగర్భంలో మిక్కుటమైన వేడికి, ఒత్తిడికి లోనై గట్టిపడిన ఈ రాళ్ళ వయస్సు సుమారు 250 కోట్ల సంవత్సరాలని శాస్త్రజ్ఞుల అంచనా. అవి ఏర్పడిన నాటికి భూమిమీద చెట్టు లేదు, చేప లేదు. కంటికి కానరాని సూక్ష్మజీవులు మాత్రమే నీటిలో ఉండేవి.

తిరుత్తణి నుండి తూర్పుగా, ఆగ్నేయంగా దిగివస్తే రాతి స్వభావం మారుతుంది. శ్రీపెరుంబుదూరు, ఆవడి పరిసరాలలోను, ఉత్తరాన సత్యవేడు వైపున బంకమట్టి పలకలు, ఇసుకరాళ్ళు, గులకరాళ్ళు పేరుకొన్న పొరలు ఉన్నవి. ఇవి సుమారు 13 కోట్ల సంవత్సరాలనాటివి. శ్రీపెరుంబుదూరు పొరలలో రెండు రకాల శిలాజాలు దొరికినవి. మొదటివి ఆకులు. ఈతచెట్టు ఆకును తలపించే ఆ పురాతన జాతులు నేడు భూమిమీద ఎక్కడా లేవు. రెండవవి అమ్మోనైట్లు. చుట్టలు చుట్టుకొన్న గుల్లలో నివసించిన ఈ జీవులు నేటి కణవకు, అష్టపాదికి దూరపు బంధువులు. ఇవి సముద్రంలో తప్ప మరెక్కడా బ్రతకలేదు.

ఒకేచోట అడవి ఆకు, సముద్రపు గుల్ల కనబడినవంటే అది తీరప్రాంతమని అర్థం. నదులు కొట్టుకొనివచ్చిన ఆకులు లోతులేని సముద్రపు బురదలో మునిగినవి. ఆ బురదమీదనే అమ్మోనైట్లు చనిపోయి పడినవి. కాలక్రమంలో బురద రాయిగా మారినది.

ఆ కాలంలో జరిగిన మహత్తర సంఘటన మరొకటి ఉన్నది. అంతవరకు భారత భూఖండం అంటార్కిటికా, ఆస్ట్రేలియాలతో కలిసి ఒకే మహాఖండంలో భాగంగా ఉండేది. సుమారు 13 కోట్ల సంవత్సరాల క్రితం వాటినుండి విడివడి ఉత్తరంగా కదలసాగినది. ఆ చీలికలోనికి నీరు చొచ్చుకొని రాగా ఏర్పడినదే నేటి బంగాళాఖాతం. కాబట్టి శ్రీపెరుంబుదూరు గుల్లలు ఈ సముద్రపు బాల్యానికి సాక్షులు. తిరుత్తణి కొండలు మాత్రం దానికంటె ఎంతో పెద్దవి. సముద్రం పుట్టకముందే ఉన్న కొండమీద నిలిచి దానిని వెదకే భాగ్యం ఈ ఊరివారిది.

గొడ్డలిరాళ్ళు, వరదమట్టి

1863వ సంవత్సరం మే 30న భారత భూగర్భ పరిశోధనశాఖకు చెందిన రాబర్ట్ బ్రూస్ ఫుట్ మద్రాసు సమీపంలోని పల్లావరంలో ఒక చెక్కుడురాయిని కనుగొన్నాడు. భారతదేశంలో పాతరాతియుగపు మానవుని ఉనికిని నిరూపించిన మొదటి పనిముట్టు అది. అదే సంవత్సరం సెప్టెంబరులో ఆయన తన సహచరుడు విలియం కింగ్‌తో కలిసి నేటి తిరువళ్ళూరు జిల్లాలోని అత్తిరంపాక్కంలో అటువంటి పనిముట్లు మరెన్నో కనుగొన్నాడు. ఈ గ్రామం కుశస్థలి నదికి దగ్గర. తమిళులు ఆ నదిని కొసస్థలై అంటారు.

ఈ పనిముట్లున్న పొరలు ఎలా ఏర్పడినవన్న ప్రశ్న ఫుట్‌ను ఆలోచింపజేసినది. ఎర్రని మట్టి, గులకరాళ్ళు పేరుకొన్న తీరును చూచి, ఇవి సముద్రం ముంచినప్పుడు ఏర్పడినవై ఉండవచ్చునని ఆయన ఊహించాడు. ఆ ఊహ నిలువలేదు. అత్తిరంపాక్కంలో సముద్రపు జాడ అట్టడుగున ఉన్న కోట్ల ఏండ్లనాటి బంకపలకలోనే ఉన్నది. మనుషుల పనిముట్లను పొదివిపట్టుకొన్న పైమట్టి మాత్రం నది వరదలు పొంగి పారినప్పుడు పరచినదని తరువాతి పరిశోధనలు తేల్చినవి. ఒక మహాశాస్త్రజ్ఞుని ఊహ తప్పినంత మాత్రాన ఆయన కీర్తి తగ్గలేదు. ఆయన జాగ్రత్తగా సేకరించి, 1904లో మద్రాసు మ్యూజియమునకు చేరిన రాతిపనిముట్లు నేటికీ విలువైనవి. తప్పును దిద్దుకొనే మార్గం కూడా ఆయన గుర్తించిన ప్రదేశమే చూపినది.

శాంతి పప్పు నాయకత్వంలో 1999 నుండి అత్తిరంపాక్కంలో మళ్ళీ త్రవ్వకాలు జరిగినవి. మట్టిలో ఎంతకాలంగా కప్పబడి ఉన్నదో రాతినే అడిగి తెలుసుకొనే పద్ధతిని ఇక్కడ ఉపయోగించారు. అంతరిక్షం నుండి వచ్చే విశ్వకిరణాలు నేలపైనున్న రాయిలో కొన్ని అరుదైన పరమాణువులను కలిగిస్తాయి. రాయి మట్టిలో పూడిపోయిన తరువాత అవి క్రమంగా తరిగిపోతాయి. మిగిలినదెంతో కొలిస్తే పూడిన కాలం తెలుస్తుంది. ఈ లెక్క ప్రకారం ఇక్కడి అతి పురాతన పనిముట్ల వయస్సు సుమారు 15 లక్షల సంవత్సరాలని 2011లో ప్రకటించారు. పెద్ద గొడ్డలిరాళ్ళను విడిచి చిన్న, నాజూకైన పనిముట్లు చేసే నేర్పు సుమారు 3,85,000 సంవత్సరాల క్రితమే ఇక్కడ మొదలైనదని 2018లో మరొక పరిశోధన తెలిపినది. కుశస్థలి గట్టున మనిషి కాపురం అంత పాతది.

ప్రళయ కావేరి పుట్టుక

ఆ సుదీర్ఘకాలంలో సముద్రమట్టం ఎన్నోసార్లు హెచ్చుతగ్గులకు లోనయినది. భూమి చల్లబడినప్పుడు నీరు ధ్రువప్రాంతాలలోను, పర్వతాలమీదను మంచుగా నిలిచిపోయి సముద్రం వెనుకకు తగ్గినది. భూమి వేడెక్కినప్పుడు మంచు కరిగి సముద్రం ముందుకు వచ్చినది. సుమారు 20,000 సంవత్సరాల క్రితం ప్రపంచమంతటా సముద్రమట్టం నేటికంటె దాదాపు 120 మీటర్లు దిగువన ఉండేది. ఆనాటి తీరం పులికాటుకు అనేక కిలోమీటర్లు తూర్పున ఉండి ఉండాలి. నేడు వలలు వేసే కడలి అడుగున ఆనాడు నదులు పారినవి, చెట్లు పెరిగినవి.

మంచు కరిగే కొలదీ సముద్రం పైకి వచ్చి, సుమారు ఆరేడు వేల సంవత్సరాల క్రితం నేటి తీరానికి చేరువగా నిలిచినది. అలలు, తీరప్రవాహాలు ఇసుకను తెచ్చి తీరం వెంబడి తిన్నెలు పోసినవి. ఆ తిన్నెలకు పడమట చిక్కుబడిన లోతులేని నీరే పులికాటు సరస్సు. తూర్పున సముద్రానికి అడ్డుగోడగా నిలిచిన ఇసుకతిన్నెల దీవి శ్రీహరికోట. తెలుగువారు ఈ సరస్సును ప్రళయ కావేరి అని పిలుస్తారు. తమిళులు పళవేర్కాడు అంటారు.

ఉప్పునీటి సరస్సులలో ఒడిశాలోని చిలకకు తరువాత మన దేశంలో పెద్దది ఇదే. పొడవు సుమారు 60 కిలోమీటర్లు. లోతు మాత్రం సగటున ఒక మీటరే. సరస్సులో అధికభాగం ఆంధ్రప్రదేశ్‌లోను, దక్షిణపు కొస తిరువళ్ళూరు జిల్లాలోను ఉన్నది. పిచ్చాటూరు వైపు నుండి ఊత్తుక్కోట, పొన్నేరి మీదుగా వచ్చే ఆరణి నది దక్షిణాన, కాళంగి నది ఉత్తరాన దీనికి మంచినీరు తెస్తున్నవి. సరస్సు అడుగున, ఒడ్డున బురదలో పాత ఆలిచిప్పల గుట్టలు దొరుకుతాయి. చెన్నపట్టణపు పాత మేడలకు అద్దంవంటి నునుపునిచ్చిన గుల్లసున్నం ఇటువంటి చిప్పలను కాల్చి చేసినదే.

మొగ తెరచి ఉంటేనే

సరస్సు సముద్రంతో కలిసే చోటును తెలుగు బెస్తలు మొగ అంటారు. పులికాటు ఊరివద్ద ఒక మొగ, ఉత్తరాన రాయదొరువు, కొండూరుపాలెం వద్ద మరి రెండు ఉన్నవి. సరస్సు ప్రాణమంతా ఈ మొగలలోనే ఉన్నది. పోటు వచ్చినప్పుడు సముద్రపు నీరు లోనికి వస్తుంది. పాటు వేళ సరస్సు నీరు బయటికి పోతుంది. చంద్రుడు, సూర్యుడు భూమిని ఆకర్షించడం వలన కలిగే ఈ రాకపోకలు ఈ తీరంలో ఎంతో ఎత్తైనవి కావు. అమావాస్య, పౌర్ణములకు కూడా నీటిమట్టంలో తేడా సుమారు ఒక మీటరు మాత్రమే. ఆ ఒక్క మీటరు మీద వేల కుటుంబాల జీవనం ఆధారపడి ఉన్నది.

ఎలాగో తెలుసుకొనడానికి తెల్లరొయ్య జీవితం ఒక్కటి చాలు. తల్లిరొయ్య బయటి సముద్రంలో లక్షలకొలది గుడ్లు పెడుతుంది. ఒక దినం గడవకముందే గుడ్లు పగిలి సూక్ష్మమైన పిల్లలు వెలువడతాయి. అవి ఈదలేవు. నీటితోపాటు తేలియాడుతూ, తమకంటె సూక్ష్మమైన నాచును తిని, పలుమారులు రూపం మార్చుకొంటాయి. రెండు మూడు వారాలకు సెంటీమీటరు పొడవు వచ్చినవి పోటు నీటితో మొగగుండా సరస్సులోనికి చేరుతాయి. అక్కడ నీరు లోతులేనిది, వెచ్చనిది. నదులు తెచ్చిన కుళ్ళిన ఆకులు, గడ్డిపరకలు వాటికి ఆహారం. పెద్దచేపల బెడద తక్కువ. మూడు నాలుగు నెలలు పెరిగి బలిసిన తరువాత పాటు నీటితో మళ్ళీ సముద్రానికి పోయి, అక్కడ తల్లులై గుడ్లు పెడతాయి.

పండుగప్ప చేప, మండపీత కూడా ఇదేవిధంగా ఒకచోట పుట్టి మరొకచోట పెరుగుతాయి. సముద్రం వాటికి పురిటిల్లు. సరస్సు వాటికి బడి. నడుమ మొగ పూడిపోయిన ఏడు ఆ రెండింటికీ సంబంధం తెగిపోతుంది. లోనున్న నీరు ఎండకు ఆవిరై ఉప్పు మిగిలిపోతుంది. లీటరు సముద్రపు నీటిలో సుమారు 35 గ్రాముల ఉప్పు ఉండగా, మొగ మూసుకొన్న వేసవులలో సరస్సు నీరు అంతకంటె ఉప్పనవుతుంది. వానకాలంలో నదులు పొంగినప్పుడు అదే సరస్సు దాదాపు మంచినీటి మడుగవుతుంది. ఇన్ని మార్పులను తట్టుకోగల జీవులే ఇక్కడ నిలుస్తాయి. వాటిని వెదకుకొంటూ శీతకాలంలో రాజహంసలు వేలకొలదిగా వచ్చి బురదనీటిలో ముక్కులు ముంచి మేస్తాయి.

ఈ జీవసంపదను పంచుకొనేందుకు పులికాటు బెస్త గ్రామాలు ప్రభుత్వ శాసనమేదీ లేకుండానే ఒక కట్టుబాటు ఏర్పరచుకొన్నవి. దానిని తమిళంలో పాడు అంటారు. తెలుగు చెవికి ఆ మాట వేరొక అర్థమిచ్చినా, అక్కడ దానికి వేటవంతు అని భావం. మొగకు దగ్గరగా రొయ్య ఎక్కువ పడే చోట్లు ఎవరో ఒకరి సొంతం కాకుండా, చీట్లు వేసి, వంతులవారీగా ఒక్కొక్కరికి ఒక్కొక్క దినం కేటాయిస్తారు. ఈ వంతులు అందరికీ అందినవి కావు. కొన్ని గ్రామాల వారికి మాత్రమే హక్కుండగా, ఇరులరు, యానాది కుటుంబాలు అంచులలోని బురదనీటిలో చేతులతో తడివి రొయ్యలు పట్టి బ్రతుకుతున్నవి. కట్టుబాటులోని న్యాయం, అందులోని లోపం రెండూ చరిత్రలో భాగాలే.

శాస్త్రీయ దృష్టితో ఈ సరస్సును చూచినవారిలో జేమ్స్ హార్నెల్ ముఖ్యుడు. మద్రాసు ప్రభుత్వపు మత్స్యశాఖలో పనిచేసిన ఆయన 1910 ప్రాంతంలో పులికాటులో ఆలిచిప్పల పెంపకాన్ని ప్రయోగించి చూచాడు. ఆలిచిప్ప కదలకుండా ఒకేచోట ఉండి గంటకు కొన్ని లీటర్ల నీటిని వడపోసి అందులోని సూక్ష్మ ఆహారాన్ని తింటుంది. నీటిలో మురికి చేరితే మొదట చెప్పేది కూడా అదే.

గాలివాటున వచ్చిన ఓడలు

యంత్రాలు లేని కాలంలో గాలే ఓడకు ఎద్దు. నైరుతి గాలులు వీచే నెలలలో చోళమండల తీరపు ఓడలు తూర్పుదీవులకు పోయేవి. ఈశాన్య గాలులతో తిరిగి వచ్చేవి. లోపల నెమ్మదైన సరస్సు, వెలుపల లోతైన కడలి ఉన్న పులికాటు ఈ రాకపోకలకు అనువైనది. విజయనగర పాలనలో ఇది పేరొందిన రేవు. పోర్చుగీసువారు పదహారవ శతాబ్దంలోనే ఇక్కడ స్థిరపడ్డారు. 1610లో వేంకటపతి దేవరాయల అనుమతితో డచ్చివారు వచ్చారు. 1613లో గెల్డ్రియా కోట కట్టారు. 1690లో నాగపట్టణానికి తరలిపోయేవరకు ఈ తీరంలో వారి వ్యాపారానికి పులికాటే ముఖ్యస్థానం.

ఇక్కడి నేతబట్టలు తూర్పుదీవులకు పోయి సుగంధ ద్రవ్యాలుగా మారి తిరిగి వచ్చేవి. మలయా దేశంలో నేటికీ లుంగీబట్టను పెలికాట్ అనడం ఈ ఊరి పేరు మీదుగా వచ్చినదే. అదే రేవునుండి కరవుకాలంలో మనుషులను బానిసలుగా ఓడలెక్కించిన సంగతి కూడా మరువరానిది. 1825లో పులికాటు ఆంగ్లేయుల వశమయినది. అప్పటికే మద్రాసు పెద్ద పట్టణమైనందున పులికాటు వెలుగు తగ్గినది. చెక్కుడు రాళ్ళతో కూడిన డచ్చివారి శ్మశానం నేటికీ ఆ ఊరిలో నిలిచి ఉన్నది.

ఓడలను తెచ్చిన గాలే వాటిని ముంచినది కూడా. సముద్రపు పైనీరు సుమారు 26 డిగ్రీలకు మించి వేడెక్కినప్పుడు, దానినుండి లేచిన ఆవిరి మేఘమై, విడిచిన వేడి గాలిని మరింత పైకి లాగుతుంది. భూభ్రమణం ఆ గాలిని సుడి తిప్పుతుంది. అదే తుఫాను. అక్టోబరు నుండి డిసెంబరు వరకు బంగాళాఖాతంలో ఇది తరచు జరిగే పని. 1746 సెప్టెంబరులో మద్రాసును పట్టుకొన్న ఫ్రెంచి నౌకాధిపతి లా బూర్దొనే, తరువాతి నెలలో వచ్చిన తుఫానులో తన ఓడలను పోగొట్టుకొన్నాడు. ఏ శత్రువూ చేయలేని పని ఒక్క రాత్రి గాలి చేసినది. 1984 నవంబరులో శ్రీహరికోట వద్ద తీరం దాటిన తుఫాను, 2016 డిసెంబరు 12న చెన్నై వద్ద దాటిన వర్దా తుఫాను ఈ ప్రాంతపు వారి స్మృతిలో ఇంకా ఉన్నవి.

ఇసుక నడక

తుఫాను కేక వేసి వస్తుంది. ఇసుక చప్పుడు లేకుండా నడుస్తుంది. ఏడాదిలో ఎక్కువ కాలం అలలు దక్షిణం వైపునుండి ఏటవాలుగా తీరాన్ని తాకి, ఇసుకను ఉత్తరానికి నెట్టుతాయి. ఈశాన్య ఋతుపవన కాలంలో కొంత ఇసుక వెనుకకు, దక్షిణానికి వస్తుంది. లెక్క చూస్తే ఉత్తరానికి పోయేదే అధికం.

ఈ నడకకు మనుషులు మొదటిసారి పెద్దయెత్తున అడ్డుకట్ట వేసినది మద్రాసు ఓడరేవుతో. 1875లో పని మొదలయినది. 1881 నాటి తుఫాను ఆ రాతికట్టలను కూల్చివేసినది. మళ్ళీ కట్టారు. కట్టకు దక్షిణాన ఇసుక ఆగిపోయి, ఏటేటా తీరం ముందుకు జరిగి విశాలమైన మెరీనాగా రూపొందినది. ఉత్తరాన రాయపురం, తిరువొత్తియూరు వైపులకు రావలసిన ఇసుక రాక, కడలి నేలను కోసుకొనిపోయినది. తూర్పుముఖంగా ఉండిన రేవు ద్వారమే ఇసుకతో పూడుకొనసాగినందున దానిని మూసి, ఈశాన్యముఖంగా కొత్త ద్వారం తెరవవలసి వచ్చినది. దక్షిణపు ఊరివారు ఆడుకొనే ఇసుక ఉత్తరపు ఊరివారు పోగొట్టుకొన్నదే. తీరం మీద ఒకచోట కట్టిన గోడకు మరొకచోట వెల చెల్లించవలసి వస్తుందని ఈ ఉదంతం తెలుపుతున్నది. 2001లో ఎన్నూరు రేవు, ఆ తరువాత కాట్టుపల్లి రేవు పులికాటుకు ఇంకా దగ్గరగా వచ్చినవి.

పులికాటు మొగ ఇసుక నడకకు లోబడినదే. వానకాలంలో ఆరణి వరద దానిని తెరుస్తుంది. వేసవిలో నదికి బలం తగ్గగానే ఇసుక దానిని పూడుస్తుంది. అటువంటి ఏండ్లలో బెస్తలు తామే పూనుకొని ఇసుక త్రవ్వి మొగ తెరచిన సందర్భాలున్నవి. ఇటీవలి సంవత్సరాలలో తమిళనాడు ప్రభుత్వం మొగకు ఇరువైపుల రాతికట్టలు వేసే పని చేపట్టినది. నది వరదకు బలం ఉండాలంటే ఎగువన చెరువులు, వాగులు సజీవంగా ఉండాలి. మొగ సంరక్షణ తీరంలో మాత్రమే జరిగే పని కాదు.

కుశస్థలి కథ కూడా ఇందుకు సాక్ష్యం. నగరి కొండల నీటిని తెచ్చే నగరి నదిని కలుపుకొని అది పూండి జలాశయం చేరుతుంది. 1944లో నిర్మించిన ఈ జలాశయానికి సత్యమూర్తి సాగరమని పేరు. తెలుగుగంగ ద్వారా 1996లో కృష్ణాజలాలు ఇక్కడికే చేరినవి. పూండి దాటిన నది ఎన్నూరు కయ్య వద్ద సముద్రంలో కలుస్తుంది. 2023 డిసెంబరులో మిచౌంగ్ తుఫాను వానలకు ఈ నది పొంగినప్పుడు వరదనీటితోపాటు చమురు కయ్యలోనికి చేరి, నీటిమీద తెట్టుగా పరచుకొని, పడవలకు, వలలకు, చెట్ల వేళ్ళకు అంటుకొన్నది. ప్రకృతి శక్తి ఎంతటిదైనా అందులో విషం కలిపేది మనిషే.

అల, ఉపగ్రహం

2004వ సంవత్సరం డిసెంబరు 26, ఆదివారం. ఉదయం ఆరున్నర గంటలకు కొద్దిగా ముందు సుమత్రా దీవి సమీపంలో సముద్రపుటడుగున మహా భూకంపం సంభవించినది. అడుగునేల ఒక్కసారిగా పైకి లేవగా, దానిమీది నీరంతా కదిలినది. గాలి లేపే అలలో పైనీరు మాత్రమే ఊగుతుంది. సునామీలో అడుగునుండి పైవరకు నీరంతా కదులుతుంది. లోతైన కడలిలో విమానమంత వేగంతో పోయే ఆ అల ఎత్తు తక్కువగా ఉండి ఓడలోని వానికి తెలియనే తెలియదు. తీరం దగ్గరపడి లోతు తగ్గే కొలదీ వేగం తగ్గి, ఎత్తు పెరుగుతుంది. సుమారు రెండున్నర గంటలలో అది చెన్నై, తిరువళ్ళూరు తీరాలను తాకినది. తమిళనాడులోనే సుమారు 8,000 మంది ప్రాణాలు కోల్పోయారు. హిందూ మహాసముద్రపు దేశాలన్నింటిలో మృతులు రెండు లక్షలకు మించినారు.

మనుషులను తప్పించేందుకు రెండున్నర గంటల వ్యవధి ఉన్నది. చెప్పేవారు మాత్రం లేకపోయారు. ఆ లోటు తీర్చేందుకు 2007లో హైదరాబాదులోని భారత జాతీయ సముద్ర సమాచార సేవాకేంద్రంలో సునామీ హెచ్చరిక కేంద్రం ఏర్పడినది. భూకంప మాపకాలు, నడిసముద్రంలో నీటి ఒత్తిడిని కొలిచే పరికరాలు, తీరంలోని అలమాపకాలు పంపే సమాచారంతో కొద్ది నిమిషాలలోనే హెచ్చరిక వెలువడే ఏర్పాటు ఇది. సముద్రానికి వందల కిలోమీటర్ల దూరాన, దక్కను పీఠభూమి మీద కూర్చుని కడలిని కనిపెట్టడం ఈ కాలపు విశేషం.

పులికాటు సరస్సుకు, సముద్రానికి నడుమనున్న శ్రీహరికోట నుండి 1999 మే 26న ఓషన్‌శాట్ ఉపగ్రహం ఎగిసినది. మన దేశం ప్రధానంగా సముద్ర పరిశీలనకై పంపిన మొదటి ఉపగ్రహమిది. ఇది నీటి రంగును కొలిచినది. నీటిలో తేలే సూక్ష్మమైన నాచు ఎక్కువైనచోట సముద్రం పచ్చబారుతుంది. ఆ నాచును తినే చిన్నజీవులు, వాటిని తినే చేపలు అక్కడ చేరుతాయి. ఉపగ్రహాలు కొలిచిన రంగు, వేడి ఆధారంగా చేపలుండే తావులను హైదరాబాదు కేంద్రం బెస్తలకు వారి వారి భాషలలో తెలియజేస్తున్నది. మనం పీల్చే ప్రాణవాయువులో దాదాపు సగం ఉత్పత్తి ఈ సూక్ష్మ నాచుదేనన్న సంగతి గ్రహించినప్పుడు, తిరుత్తణి కొండమీద విడిచే ప్రతి శ్వాసకు కడలితో సంబంధమున్నదని తెలుస్తుంది.

గీతలు, నీరు

1953లో ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు చిత్తూరు జిల్లాలోని తిరుత్తణి అందులో భాగమయినది. సరిహద్దుల సవరణలో 1960 ఏప్రిల్ 1న మద్రాసు రాష్ట్రానికి వచ్చినది. బదులుగా చెంగల్పట్టు, సేలం జిల్లాల గ్రామాలు కొన్ని ఆంధ్రప్రదేశ్‌కు పోయినవి. ఇళ్ళు కదలలేదు. చెరువులు కదలలేదు. తెలుగు మాటలాడే ఇళ్ళు తెలుగు మాటలాడుతూనే ఉన్నవి. గీత మాత్రం కదిలినది.

పులికాటు సరస్సు మీద కూడా ఆ రెండు రాష్ట్రాల గీత పోతున్నది. రొయ్యపిల్లకు అది తెలియదు. తమిళనాడు మొగగుండా లోనికి వచ్చినది ఆంధ్ర జలాలలో పెరగవచ్చు. పిచ్చాటూరు కొండలలో పడిన చినుకు పొన్నేరి దాటి ప్రళయ కావేరికి చేరుతుంది. అందువల్ల మొగను, నదిని, సరస్సును కాపాడవలసిన బాధ్యత ఏ ఒక్క ఊరిదీ, ఏ ఒక్క రాష్ట్రానిదీ కాదు. 1993 నుండి నేటివరకు ప్రపంచ సముద్రమట్టం సగటున పది సెంటీమీటర్లకు పైగా పెరిగినట్లు ఉపగ్రహాల కొలతలు తెలుపుతున్నవి. సగటున ఒక మీటరు లోతున్న సరస్సుకు, దాని ఒడ్డున గుడిసె వేసుకొన్నవానికి అది చిన్న లెక్క కాదు. 13 కోట్ల ఏండ్ల క్రితం శ్రీపెరుంబుదూరు దాకా వచ్చిన సముద్రం తిరిగి వెనుకకు పోయినది గాని, రానని మాట ఇచ్చి పోలేదు.

డెబ్బది అయిదేండ్ల పండుగ జరుపుకొనే పాఠశాలకు ఆ కాలం దీర్ఘమైనదే. తాతలు కూర్చున్న బల్లలమీద మనుమలు కూర్చుని చదువుతారు. ఆ మనుమలకు తమ ఊరి రాయి వయస్సు, తమ వాగు చేరే కయ్య పేరు, తమ చెరువు నింపిన వాన పుట్టిన చోటు తెలిసి ఉండాలి. తెలిసినవాడు వాగులో చెత్త వేయుటకు ఒక్క క్షణం వెనుకాడుతాడు. ఈశాన్యపు మబ్బు కమ్మినప్పుడు తిరుత్తణి కొండ ఎక్కినవానికి సముద్రం కనబడకపోవచ్చు. కొద్దిసేపటికి అది వానగా అతని తలమీద కురుస్తుంది. మెట్లమీదుగా జారి, వాగులో కలిసి, పూండి నింపి, ఎన్నూరు కయ్యదాటి తన ఇంటికి తాను పోతుంది.